ఎండిన రొట్టెకే దాహం

హార్లన్ టోఫ్ట్ తన డెబ్బై ఆరేళ్ల జీవితంలో తప్పు ఒప్పుకున్న సందర్భం ఒక్కటీ లేదు. ఒప్పుకోవలసిన సందర్భాలు లేకపోలేదు. వాటిలో చాలావాటికి నేనే సాక్షిని. మా ఎదురిల్లే అతనిది.

అతను నలభై ఒక్క సంవత్సరాలు ఊరి ధాన్యపు గిడ్డంగిలో కాటా దగ్గర కూర్చున్నాడు. రైతులు మొక్కజొన్న లారీలు తెచ్చి నిలబెడితే, గుప్పెడు గింజలు తీసి, తేమ కొలిచే యంత్రంలో పోసి, అంకె చూసి, తల అడ్డంగా ఆడించడం అతని ఉద్యోగం. "పచ్చిగా ఉందయ్యా, ఆరబెట్టుకొని రా" అనేవాడు. దున్ని, విత్తి, కోసి తెచ్చిన మనిషి తలవంచుకొని లారీ వెనక్కి తిప్పుకొనేవాడు. మా జిల్లాలో పండిన ప్రతి గింజా తన కళ్లముందు నుంచే పోయింది గనుక ఆ పంటంతా తానే పండించినట్టు హార్లన్ మాట్లాడేవాడు. వినీ వినీ కొన్నాళ్లకు రైతులు కూడా నమ్మారేమోనని నా అనుమానం. మా అయోవా రాష్ట్రపు రైతులు మర్యాదస్తులు; ఎదుటివాడు గట్టిగా చెబితే కాదనరు.

ఇంట్లోనూ అతనిది ఇదే పద్ధతి. పెరట్లో టమాటాలు నాటింది, నీళ్లు పోసింది, పురుగులు ఏరింది అతని భార్య ఆర్డిస్. కంచె దగ్గర నిలబడి దారినపోయేవాళ్లకు వాటిని చూపించింది హార్లన్. కిటికీలకు రంగులు వేసింది ఆర్డిస్. ఆ రంగు ఎందుకు ఎన్నుకోవలసివచ్చిందో వివరించింది హార్లన్. అత్త సొమ్ము అల్లుడు దానం చేశాడంటారు. ఇతనికి అత్తదాకా వెళ్లే శ్రమ కూడా లేకపోయింది.

అన్నిటికంటే పెద్ద దానం నవంబరు నాలుగో గురువారం నాడు జరిగేది. థ్యాంక్స్‌గివింగ్ పండగ మధ్యాహ్నం ఊళ్లో సగంమంది మా లూథరన్ చర్చి నేలమాళిగలో భోజనం చేస్తారు. టర్కీ కోళ్లు చర్చివాళ్లు కాలుస్తారు. తక్కినవన్నీ ఇళ్లనుంచి వస్తాయి. వాటిలో రాజు ఆర్డిస్ చేసే రొట్టె స్టఫింగ్. పేరుకు టర్కీ పొట్టలో కూరవలసినదే గాని, నూట ఇరవై మందికి ఏ కోడి పొట్ట సరిపోతుంది? అందుకని ఆమె దాన్ని తెల్లచుక్కల నీలం రోస్టరు, అంటే పొయ్యిలో పెట్టే పెద్ద మూతగిన్నె, నిండా చేసి తెచ్చేది. మూత తీస్తే సేజ్ ఆకు వాసన మెట్లమీదికి పాకేది. చెంచాతో తీస్తే ముక్క ముక్కగా విడివడేది. నోట్లో పెట్టుకుంటే తడితడిగా, వెన్నలా కరిగేది. టర్కీ మాంసం సాధారణంగా ఎండిపోయే ఉంటుంది గనుక, దాన్ని మింగగలిగేవాళ్లమంటే ఆ స్టఫింగ్ పుణ్యమే.

దాన్ని వడ్డించేది మాత్రం హార్లన్. ఇస్త్రీ చొక్కా వేసుకొని, రోస్టరు వెనక నిలబడి, పొడుగాటి గరిటె పట్టుకొని వరసలో వచ్చిన ప్రతి మనిషి కంచంలోనూ ఒక ముద్ద పెట్టేవాడు.

"ఈ ఏడు ఇంకా బాగా కుదిరిందయ్యా, హార్లన్!" అనేవారు జనం.

"కుదరక ఎక్కడికి పోతుంది? రహస్యమంతా తేమలో ఉంది" అనేవాడు అతను, కన్ను గీటి.

ఆ సమయానికి ఆర్డిస్ వంటగదిలో, చేతులు మోచేతులదాకా సబ్బునీళ్లలో ముంచి, నా పక్కన ఉండేది. గిన్నెలు కడగడం నా వంతు. వంటలో నా ప్రతిభ ఊరంతటికీ తెలిసినదే గనుక నాకు ఇంకే పనీ అప్పగించేవారు కాదు. కడగడం వల్ల ఒక లాభం ఉంది. మా ఊళ్లో ప్రతి గిన్నె అడుగునా ఒక తెల్లటేపు ముక్క, దానిమీద గిన్నెగలవారి పేరు ఉంటాయి. ఎవరి గిన్నె వారింటికి చేరాలిగా. నీలం రోస్టరు అడుగున 'మిసెస్ హార్లన్ టోఫ్ట్' అని ఉండేది. చర్చి మహిళలు అచ్చువేసిన వంటల పుస్తకంలో ఆ స్టఫింగ్ కింద ఉన్న పేరూ అదే. మా తరంలో అందరమూ అలాగే రాసుకున్నాం. అయినా ఆ టేపు తుడిచినప్పుడల్లా నాకు ఒళ్లు మండేది: ఆమె పేరులో ఆమె పేరే లేదు.

మూడేళ్ల కిందట మార్చి నెలలో ఆర్డిస్ గుండె ఆగి చనిపోయింది. సమాధి దగ్గర హార్లన్ నాతో అన్న మాట ఇది: "వంట విషయంలో ఆవిడమీద నేను ఒక్కసారి కూడా ఫిర్యాదు చెయ్యలేదు తెలుసా?" భార్యకు అతను అర్పించిన శ్రద్ధాంజలి అంతే. నేను నడిచి వెళ్లిపోయాను. జవాబు చెప్పివుంటే ఆ చోటికి తగని మాట అయివుండేది.

ఆ నవంబరులో స్టఫింగ్ ఎవరు చేస్తారన్న ప్రశ్న వచ్చింది. వంటగది పెత్తనం చేసే మార్లిస్ క్లెవెన్ ఇంకా నోరు తెరవకముందే హార్లన్ చెయ్యెత్తాడు.

"ఎవరు చెయ్యడమేమిటి? నలభై ఏళ్లుగా చేస్తున్నది మేమేగా!"

వంటల పుస్తకం తీశాడు. అందులో ఉన్నది యథాతథంగా ఇది: 'రొట్టెలు తగినన్ని, ఉల్లిపాయలు, సెలెరీ కాడలు, వెన్న, సేజ్ ఆకు, కోడి ఎముకల చారు చాలినంత. కలిపి కాల్చాలి.' నేను బడిలో పాఠాలు చెప్పిన రోజుల్లో ఏ విద్యార్థి అయినా ఇలా రాసివుంటే చింపి మళ్లీ రాయించేదాన్ని. కాని ఆ పుస్తకాన్ని తెలిసినవాళ్లు తెలిసినవాళ్లకోసం రాసుకున్నారు. అందరికీ తెలిసిన సంగతిని విడమరచి చెప్పడం మా ఊళ్లో ఎదుటి ఇల్లాలిని అవమానించడంతో సమానం.

పుస్తకం చెప్పనిదాన్ని హార్లన్ తన బుద్ధితో పూరించుకున్నాడు. రహస్యం తేమ అని నలభై ఏళ్లు ఊరందరికీ చెప్పినవాడు కదా! పండగనాడు పొద్దున్నే దుకాణానికి వెళ్లి, ఒక్కొక్క రొట్టెనూ బొటనవేళ్లతో నొక్కిచూసి, అన్నిటికన్నా మెత్తనివి, పసిపాప బుగ్గల్లాంటివి, ఏరి తెచ్చాడు. వాటిని తుంచి, చారంతా ఒక్కసారిగా కుమ్మరించి, పొయ్యిలోకి తోశాడు.

వచ్చినదాన్ని ఏమనాలో నాకు తెలియదు. గరిటెతో తీస్తే తీగలా సాగింది. కంచంలో పడితే పడినచోటే అతుక్కుంది. నా పక్కన కూర్చున్న ముసలి రైతు దాన్ని కాసేపు చూసి, "గోడకాగితాలు అంటించడానికి బాగుంటుంది" అన్నాడు నెమ్మదిగా. కొత్తగా భార్య పోయినవాడు గనుక అందరూ తిన్నారు. మా ఊరివాళ్ల మర్యాద ఎంతటిదో ఆ రోజు నాకు పూర్తిగా అర్థమైంది.

మరుసటి ఏడు తేమ ఎక్కువైందని అతను తీర్మానించాడు. మళ్లీ అవే మెత్తని రొట్టెలు తెచ్చి, చారు సగానికి తగ్గించి, రెట్టింపుసేపు కాల్చాడు. పైన పెంకు, లోపల బంక. గరిటె దిగలేదు, కత్తి తెప్పించారు. రోస్టరు రుద్దడానికి నాకు రెండు గంటలు పట్టింది.

మూడో ఏడు, అంటే పోయిన నవంబరు మొదటి ఆదివారం, చర్చి మెట్లమీద మార్లిస్ అతన్ని ఆపింది.

"చూడు హార్లన్, నీమీద నాకు కోపమేమీ లేదు. ఆర్డిస్ ముఖం చూసి రెండేళ్లు ఊరుకున్నాం. ఈసారి కూడా బంకే వస్తే, వచ్చే ఏటినుంచి పెట్టెలో వచ్చే స్టఫింగే. వేణ్ణీళ్లు పోస్తే ఐదు నిమిషాల పని."

"పెట్టెదా?" హార్లన్ ముఖం ఎర్రబడింది. "ఆర్డిస్ స్టఫింగ్ తీసేసి, పెట్టెలో పొడి పెడతావా?"

"ఆర్డిస్‌ది తీసేసింది నువ్వయ్యా, నేను కాదు."

"నలభై ఏళ్లు నా చేతిమీదుగా..."

"నీ చేతిలో ఉన్నది గరిటె" అని మార్లిస్ మెట్లు దిగి వెళ్లిపోయింది.

నేను ఆమె వెనకే ఉన్నాను. హార్లన్ నన్ను చూసి, ఆకాశం చూసి, వాన వచ్చేట్టుందన్నాడు. ఒక్క మబ్బు కూడా లేదు. పెట్టె స్టఫింగ్‌కు గరిటె పట్టేవాడు ఒకడు అక్కరలేదు. చెంచా పడేసి ఉంచితే ఎవరికి వారు పెట్టుకుంటారు. ఆ సంగతి అతనికీ తెలుసు.

పండగకు ముందు శనివారం పొద్దున, నేను లవోన్ ఇంట్లో కాఫీ తాగుతున్నాను. లవోన్ ఆర్డిస్ చెల్లెలు. ఆస్పత్రిలో నర్సుగా పనిచేసి రిటైరైంది. నోటికి మత్తుమందు ఇవ్వని రకం. తలుపు తట్టకుండా హార్లన్ లోపలికి వచ్చాడు. చంకలో వంటల పుస్తకం.

"ఈ పుస్తకంలో అచ్చుతప్పు ఉంది" అన్నాడు, కూర్చోకుండానే.

"అచ్చుతప్పు పుస్తకంలో లేదు బావా, వంటగదిలో ఉంది" అంది లవోన్. "సాయం కావాలని అడగడానికి వచ్చావా?"

"సాయం ఎవరికి? సరిచూసుకుందామని వచ్చాను."

"సరే, సరిచూద్దాం. రొట్టె ఎప్పుడు కొంటావు?"

"పండగ పొద్దున్నే. తాజాగా. దూదిలా ఉంటేనే తీసుకుంటాను."

లవోన్ నా వంక చూసింది. నేను కాఫీ కప్పు వంక చూశాను. వంటరాని నాకు కూడా ఆ సంగతి తెలుసు. ఇద్దరమూ ఒకేసారి నవ్వాం.

"ఏమిటా నవ్వు? పళ్లు పోయేట్టు!"

"కూర్చో బావా. ఒక మాట చెప్పు. పచ్చి మొక్కజొన్న గింజల్ని నీళ్లలో నానేస్తే ఏమవుతుంది?"

"ఏమీ కాదు. ఉన్న తేమే ఎక్కువ. ఇంక ఎక్కడ తాగుతుంది? పాచిపోతుంది." తన విద్య గురించి అడిగారు గనుక హార్లన్ ఛాతీ కాస్త పెరిగింది. "ఎండిన గింజ అయితే చూడు, రాత్రికి రాత్రి తాగి ఉబ్బుతుంది. తాగాలంటే ముందు ఎండాలి. ఇది చిన్నపిల్లలకి కూడా..."

అక్కడ ఆగిపోయాడు.

నలభై ఒక్క ఏళ్లు జిల్లాలోని రైతులందరికీ నేర్పిన పాఠం, తన వంటింటి గడప దాటి లోపలికి రావడానికి అంతకాలం పట్టింది. మందబుద్ధి పిల్లలంటూ ఎవరూ లేరనీ, తెలుసునని అనుకునే పిల్లలే ఉన్నారనీ నేను తరగతిలో నేర్చుకున్నాను. హార్లన్ ఆ రెండో జాతికి నిలువెత్తు ఉదాహరణ.

"ఎక్కడ ఎండబెట్టేది?" అన్నాడు. గొంతు తగ్గింది.

"ఎక్కడేమిటి, నీ ఇంట్లోనే! వెనక గదిలో, మంచంమీద ఉతికిన దుప్పటి పరిచి, మూడు రోజులు. పొద్దునా సాయంత్రం తిరగేసేది."

"ఆ గదా? ఎలుకలు వస్తాయని నేను ఆ తలుపు వేసేవాణ్ణే!"

"నువ్వు వేసేవాడివి, అక్క తీసేది. తలుపేస్తే గాలాడక చెమ్మపడుతుంది కదా! ఏడాదికి మూడు రోజులు మీ ఇంట్లో జరిగిన కాపురం అదే బావా."

"నాతో ఒక్కముక్క అన్లేదే!"

"అంది. పెళ్లయిన మొదటి ఏడే అంది. 'నాకు తెలుసులే' అన్నావట. ఇంకెందుకు చెబుతుంది?"

హార్లన్ పుస్తకం మూశాడు. గుమ్మందాకా వెళ్లి వెనక్కి తిరిగాడు. ఇప్పుడైనా ఏదో అంటాడని చూశాను.

"నేను అనుకున్నదే" అన్నాడు. వెళ్లిపోయాడు.

"చూశావా టీచరమ్మా!" అంది లవోన్. "నీళ్లలో ముంచి తీసినా తడవడు."

సోమవారం ఉదయం ఎదురింటి వెనక గది తెరలు తొలగి ఉన్నాయి. మూడేళ్లుగా అవి తీయగా నేను చూడలేదు. మధ్యాహ్నానికి లవోన్ ఫోను చేసింది. నవ్వుతో మాట రావడం లేదు.

"మా బావ ఏం చేశాడో విను! రిటైరైనప్పుడు గిడ్డంగివాళ్లు ఇచ్చిన పాత తేమ యంత్రం ఉంది చూడూ, రొట్టె నలిపి అందులో పోశాడట. ముప్పై ఒకటి చూపిస్తోందట. ఎంతకు దిగాలి అని అడుగుతున్నాడు!"

"ఏం చెప్పావు?"

"వేళ్లతో విరిచి చూడు, టప్ మనేదాకా ఉంచు అన్నాను. 'టప్ అంటే ఎంత శాతం?' అన్నాడు."

తుంటి నొప్పి వల్ల ఒంటరిగా మెట్లెక్కలేనని సాకు చెప్పి బుధవారం సాయంత్రం లవోన్ నన్ను వెంటబెట్టుకొని అతని ఇంటికి వెళ్లింది. వెనక గది తలుపు బార్లా తెరిచి ఉంది. దానికి అడ్డంగా ఒక ఇటుక. మంచంమీద రొట్టె ముక్కలు వరసలు తీరి, ఒకప్పుడు అతను రైతులకు రాసిచ్చిన కాటా చీటీల్లా, ఒకదానికొకటి తగలకుండా ఉన్నాయి. తిరగేసిన గంటలు గోడమీది క్యాలెండరులో రాసివున్నాయి. ఈ మనిషి ఏ పనైనా చేయగలిగివుండేవాడే, చేయలేదంతే. నాకు కోపం తెప్పించేది సరిగ్గా అదే.

ఉల్లిపాయలూ సెలెరీ వెన్నలో మెత్తబడ్డాయి. కోడి మెడ ఎముకలు మరిగించిన చారు పొయ్యిమీద గోరువెచ్చగా ఉంది. హార్లన్ కుండ ఎత్తాడు.

"మొత్తం పోసెయ్యనా?"

"పోసెయ్. మిగిలింది గోడకి పూద్దాం" అంది లవోన్. "గరిటె తీసుకో బావా. ఒక గరిటె పొయ్యి, ఆగు. అది తాగనీ. అడుగున నీరు కనపడనప్పుడు ఇంకొకటి."

అతను అదే పొడుగాటి గరిటె తెచ్చాడు. నలభై ఏళ్లు పొగడ్తలు వడ్డించుకున్న గరిటె. ఒకటి పోశాడు, వంగి చూశాడు. ఎండిన ముక్కలు చప్పుడు లేకుండా చారు పీల్చుకొని, అంచులు గుండ్రబడి, మెల్లగా బరువెక్కాయి.

"తాగుతోంది" అన్నాడు.

"తాగదూ మరి! మూడు రోజులు ఉపవాసం."

"ఎన్ని గరిటెలు?"

"పిడికిట్లో నొక్కితే ముద్ద నిలవాలి, చుక్క కారకూడదు. అక్క లెక్క అది. దానికి యంత్రం లేదు."

ముప్పావు గంట పట్టింది. అంతసేపు హార్లన్ టోఫ్ట్ నోరు మూసుకొని ఉండడం నేను చూడటం అదే మొదలు, అదే ఆఖరు.

గురువారం మధ్యాహ్నం మూత తీసేసరికి సేజ్ వాసన మెట్లమీదికి పాకింది. వరసలో మెడలు ముందుకు సాగాయి. మొదటి కంచం మార్లిస్‌ది. అక్కడే నిలబడి ఒక చెంచా నోట్లో పెట్టుకుంది, కళ్లు మూసుకుంది, మింగింది. వెనకవాళ్లు కదలమని తొందరపెట్టారు.

"పెట్టె సంగతి మర్చిపో" అంది. "ఇంకో గరిటె వెయ్యి."

గోడకాగితాల ముసలాయన మూడుసార్లు వచ్చాడు. "ఏం చేశావయ్యా ఈసారి?" అని అడిగాడు.

హార్లన్ గరిటె పైకెత్తి, కన్ను గీటాడు. "రహస్యమంతా ఎండబెట్టడంలో ఉంది. నలభై ఏళ్లుగా మొత్తుకుంటున్నాను, వినేవాడేడీ?"

వరసలో ఉన్న లవోన్ కంచం విసరబోయి ఆగింది. "బావా! కాస్తయినా సిగ్గుందా?"

"స్టఫింగ్‌లో సిగ్గు వెయ్యరు లవోన్, సేజ్ వేస్తారు" అని ఆమె కంచంలో అందరికన్నా పెద్ద ముద్ద పెట్టాడు. చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. అన్యాయమేమిటంటే, నాకు కూడా నవ్వు వచ్చింది.

వడ్డన ముగిశాక ఖాళీ రోస్టరును అతనే వంటగదిలోకి తెచ్చాడు. ఇన్నేళ్లలో అతను ఆ గడప తొక్కడం అదే తొలిసారి. దాన్ని నా ముందు పెట్టి, రెండు చేతులు సాయం వేయాలన్న ఆలోచన దరిదాపుల్లోకి కూడా రానివ్వకుండా, చేతులు తుడుచుకొని వెళ్లిపోయాడు.

కడగడానికి బోర్లించాను. పాత టేపు లేదు. గోకి తీసినచోట నీలం కాస్త మెరుస్తోంది. దానిమీద కొత్త ముక్క అంటించివుంది. లావుపాటి పెన్సిలుతో, కాటా చీటీలమీద రాసే పెద్ద పెద్ద అక్షరాలతో, ఒక్క మాట: ఆర్డిస్.

దీంతో అతనిమీద నా అభిప్రాయం మారిందని ఎవరూ అనుకోనక్కరలేదు. చెప్పవలసిన మాటను నూట ఇరవై మంది ఎదుట చెప్పే ధైర్యంలేక, గిన్నె కడిగేవాళ్లకు తప్ప ఎవరికీ కనిపించని చోట రాశాడు. అయినా పెన్సిలు రాత తోమితే నిలవదు. అందుకని రోస్టరు లోపలంతా బాగా తోమి, అడుగున మాత్రం ఆ టేపు చుట్టూ తడిగుడ్డతో మెల్లగా తుడిచాను.